చప్పిడి దర్శనం: రుచి లేకుండా వండడం ఎందుకంత కష్టం

పర్లాకిమిడిలోనో గుణుపురంలోనో ఒక ఇంట్లో పెద్దాయనకు బీపీ ఉందని తేలిందనుకోండి. డాక్టరు చెప్పేది ఒక్క మాట: ఉప్పు తగ్గించండి. ఇంటికి చేరేసరికి ఆ మాటకు కొమ్మలూ రెమ్మలూ వస్తాయి. ఉప్పుతో పాటు కారం పోతుంది, కారం వెంట చింతపండు పోతుంది, ఇంకెందుకులే అని పోపు కూడా మానేస్తారు. నాలుగో రోజుకి పెద్దాయన కంచం తోసేస్తాడు. వారం తిరక్కుండా ఆవకాయ జాడీ దగ్గర దొరికిపోతాడు. ఇందులో ఆయన జిహ్వచాపల్యం కన్నా వండినవాళ్ల పొరపాటే ఎక్కువ. రుచి అంటే ఒకే ముద్ద అనుకుని మొత్తం తీసేశారు. తీయమన్నది అందులో ఒక్క పాలు.

ఈ చిక్కు విప్పడానికి, ఎక్కడా లేని ఒక దర్శనాన్ని ఊహించుకుందాం. పేరు చప్పిడి దర్శనం. దాని మూలసూత్రం ఒక్కటే: అన్నం నోట్లో పెట్టుకుంటే నాలుకకు ఏమీ తెలియకూడదు. ఇలాంటి మఠం లేదు, గ్రంథం లేదు, పీఠాధిపతీ లేడు. కానీ ఎవరైనా దీన్ని నిజంగా ఆచరించబోతే ఎక్కడెక్కడ ఇరుక్కుంటారో చూస్తే, మన వంటింట్లో పథ్యం ఎందుకు చెడుతోందో తెలుస్తుంది. ఒడిశా సరిహద్దు ఇందుకు మంచి చోటు. మన పులుసూ, ఒడియావాళ్ల ఉడికించిన కూర సంతుళా ఒకే పొయ్యి మీద ఉడికే ఇళ్లు ఇక్కడున్నాయి. 1900లో రైలు మొదలైన నౌపడ–పర్లాకిమిడి దారికి ఒక కొస ఉప్పుమళ్లలో ఉంటుంది, రెండో కొస దాటి లోపలికి వెళ్తే గంజి, అంబలి తాగే కొండ ఊళ్లు.

దర్శనం మొదటి ఇరకాటం నీళ్ల దగ్గరే. రుచి లేని పదార్థానికి అందరూ చెప్పే ఉదాహరణ మంచినీళ్లు. కానీ ఉసిరికాయ నమిలి నీళ్లు తాగితే తియ్యగా ఉంటాయని పిల్లలకు కూడా తెలుసు. నీళ్లు అవే. అంతకు ముందు నాలుక మీద ఉన్నది వేరు. మన నోట్లో ఎప్పుడూ ఊరే లాలాజలంలో కొంత సోడియం ఉంటుంది. నాలుక దానికి అలవాటు పడి, దాన్నే సున్నాగా లెక్కేస్తుంది. అంతకు మించితేనే ఉప్పగా ఉందంటుంది. శుద్ధమైన నీటితో కొన్ని నిమిషాలు నోరు పుక్కిలిస్తే ఆ సున్నా కిందికి జారి, అంతకు ముందు తెలియనంత తక్కువ ఉప్పు కూడా తెలుస్తుంది. అంటే చప్పదనానికి స్థిరమైన కొలత లేదు. సున్నా జరుగుతూ ఉంటుంది.

అన్నం సంగతీ అంతే. రెండుసార్లు నమిలి మింగేవాడికి అన్నం చప్పన. ముప్పైసార్లు నమిలితే లాలాజలంలోని అమైలేజు అనే ఎంజైము గంజి పదార్థాన్ని మాల్టోజు అనే చక్కెరగా విడగొడుతుంది కాబట్టి తీపి తేలుతుంది. నిష్ఠగా, నెమ్మదిగా తినే చప్పిడి సన్న్యాసికే అన్నం తియ్యగా తగులుతుందన్నమాట. పాపం, ఎంత శ్రద్ధగా తింటే అంత వ్రతభంగం.

రెండో ఇరకాటం ఇంకా పెద్దది. రుచి అని మనం పిలిచేది మూడు దారుల్లో వస్తుంది. ఒకటి నాలుక: తీపి, పులుపు, ఉప్పు, చేదు, వీటికి తోడు 1908లో జపాన్ రసాయన శాస్త్రవేత్త కికునే ఇకెడా గుర్తించిన ఉమామి. ఎండుచేప, పుట్టగొడుగు, పండిన టమాటా ఇచ్చే నిండుదనం అదే. రెండోది ముక్కు. నములుతున్నప్పుడు వాసన గొంతు వెనక నుంచి ముక్కులోకి ఎక్కుతుంది. దీన్ని తేల్చుకోవడం తేలిక: ముక్కు గట్టిగా మూసుకుని అర చెంచా వేయించిన జీలకర్ర నమలండి. కాస్త చేదు, కాస్త పొడిపొడి, అంతే. ముక్కు వదలగానే జీలకర్ర వచ్చేస్తుంది. మూడోది మంట. మిరపలోని క్యాప్సైసిన్ వేడినీ నొప్పినీ పసిగట్టే గ్రాహకాన్ని తట్టి లేపుతుంది. ఆ గ్రాహకాన్ని 1997లో గుర్తించిన డేవిడ్ జూలియస్‌కు 2021లో నోబెల్ వచ్చింది. కాబట్టి కారం నాలుక రుచుల జాబితాలో లేదు, అది ఒక రకం కాలడం. ఆయుర్వేదం చెప్పే ఆరు రసాల్లో కటువు (కారం) ఉంది, కషాయమూ (వగరు) ఉంది. శరీరశాస్త్రం లెక్కలో వగరు కూడా స్పర్శ కిందికే వస్తుంది: టానిన్లు లాలాజలంలోని మాంసకృత్తుల్ని పట్టేసుకోవడంతో నోరు పిడచగట్టినట్టవుతుంది. రెండు లెక్కలూ కొట్టుకోవు. వైద్యుడికి కావలసింది తిన్నది ఒంటికి ఏం చేస్తుందన్నది, ప్రయోగశాలకు కావలసింది ఏ నరం మోగిందన్నది.

ఇప్పుడు పథ్యం చీటీ మళ్లీ చదవండి. బీపీకి తగ్గించమన్నది ఉప్పును, అంటే నాలుక దారిలో ఐదింటిలో ఒకటి. కడుపులో పుండుకి ఆపమనేది ఎక్కువగా మూడో దారిని. నోరు పూసినవాళ్లకు మంట, పులుపు రెండూ పడవు గానీ వాసనతో పేచీ లేదు. వేవిళ్ల మనిషికి ఇబ్బంది పెట్టేది తరచుగా వాసనే. ఉప్పు కాస్త ఉన్నా ఆమెకు నష్టం లేదు, పొయ్యి మీద పోపు చిటపటలాడితే మాత్రం లేచి వెళ్లిపోతుంది. నలుగురికీ నాలుగు రకాల చప్పిడి వండాలి. మనం నలుగురికీ ఒకే గిన్నె పెడుతున్నాం.

దర్శనం పుట్టాక శాఖలు పుట్టకుండా ఉండవు. దీనికైతే మూడు ఖాయం.

మొదటి శాఖవాళ్లు తీసేసేవాళ్లు. వీళ్లకు నిజజీవితంలో దగ్గరి చుట్టం జైనుల ఆయంబిల్. రోజుకి ఒక్క పూట, ఉడికించిన ధాన్యం, పప్పు మాత్రమే. ఉప్పు, మసాలా, నూనె, నెయ్యి, పాలు, పెరుగు, చక్కెర, బెల్లం, కూరగాయలు అన్నీ బంద్. ఏడాదికి రెండుసార్లు, చైత్రంలోనూ ఆశ్వయుజంలోనూ, తొమ్మిదేసి రోజులు చేస్తారు. ఇది తపస్సు, ఉద్దేశమే నాలుకను కట్టేయడం, గడువు కూడా ముందే తెలుసు. రెండో శాఖవాళ్లు పట్టించుకోనివాళ్లు. గాంధీ ఆశ్రమ వ్రతాల్లో అస్వాదం ఒకటి: ఆహారాన్ని మందులా తీసుకోవాలి, రుచి కోసం తినకూడదు. ఇందులో కంచంలో ఏముందన్నది రెండో విషయం, మనసు దాని వెంట పడకపోవడం మొదటిది. మూడో శాఖవాళ్లు పక్కన పెట్టుకునేవాళ్లు, మనలో చాలామంది తెలియకుండానే ఇందులో సభ్యులు. అన్నం చప్పగా ఉండాలి, పక్కన ఉన్నది ఘాటుగా ఉండాలి. పఖాళ, అంటే నీళ్లు పోసిన అన్నం, కంచంలో వేయించిన ఎండుచేపో, బడి చూరా అనే దంచిన వడియాలో, పచ్చిమిరపకాయో లేకపోతే ఆ చప్పదనానికి పనే లేదు.

పథ్యం మొదటి రెండింటిలో ఇమడదు. దానికి తపస్సులా గడువు లేదు, చాలామందికి జీవితాంతం. వైరాగ్యం ఉన్నవాళ్లకే జబ్బులు రావు కదా. అందుకే రోగి వంటింట్లో తీసేసేవాళ్ల శాఖ ఓడిపోతుంది. మూడో శాఖే నిలబడుతుంది.

దేవుడికి కూడా ఈ కష్టం తప్పలేదు. స్నానపూర్ణిమ తర్వాత జగన్నాథుడికి జ్వరం వస్తుంది, రథయాత్ర దాకా అణసర, అంటే ఏకాంత విశ్రాంతి. ఆ పక్షం రోజులూ మామూలు భోగాలు ఆపి పండ్లు, పానకం, దశమూల ఔషధం ఇస్తారు. చూడండి, అన్నం ఆగింది గానీ తీపి ఆగలేదు.

ఇక పొయ్యి దగ్గరికి. చప్పిడి వంటల్లో అన్నిటికన్నా కష్టమైంది తెల్లన్నం. దాచడానికి ఏమీ లేదు కాబట్టి ప్రతి తప్పూ నోటికి తెలుస్తుంది. బియ్యం ఎంపికతోనే సగం పని అయిపోతుంది. కొరాపుట్ కాలాజీరా బియ్యానికి 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. గొప్ప బియ్యం, కానీ దాని గొప్పంతా వాసనే, ఈ పనికి పెట్టకూడదు. ఉప్పుడు బియ్యం, ఒడియా ఇళ్లలో ఉసునా, ధాన్యాన్ని పొట్టుతోనే నానబెట్టి ఉడికించింది కాబట్టి ఆ పొట్టు వాసన గింజలోకి దిగి ఉంటుంది. చప్పదనానికి కావలసింది అరువ, అంటే పచ్చిబియ్యం, ఆరు నెలలో ఏడాదో నిలవున్నది, వాసన లేని మామూలు రకం. కొత్త బియ్యం మెత్తబడి ముద్దవుతుంది. మరీ పాతదైతే తవుడులో మిగిలిన నూనె చెడి ముక్కిన వాసన కొడుతుంది.

ఒక గ్లాసు బియ్యం, అంటే సుమారు 200 గ్రాములు, మూడు నాలుగు నీళ్లు కడగాలి. చేతితో నలిపితే గింజ విరిగి గంజి ఎక్కువవుతుంది, వేళ్లతో తిప్పితే చాలు. ఇరవై నిమిషాలు నానాక ఆ నీళ్లు పారబోయాలి. ఆరు గ్లాసుల ఎసరు తెర్లుతున్నప్పుడు బియ్యం వేయాలి. కుళాయి నీళ్లకు క్లోరిన్ వాసన ఉంటే మూత లేకుండా ముందే బాగా మరగనివ్వాలి. మళ్లీ తెర్లాక పన్నెండు నుంచి పదిహేను నిమిషాలు. గింజను వేళ్ల మధ్య నలిపితే నడిమిన సూది మొనంత పలుకు మిగిలి ఉన్నప్పుడు వార్చాలి, మిగతాది ఆవిరికే ఉడుకుతుంది. వార్చిన తపేలాను సన్నసెగ మీద రెండు నిమిషాలు ఉంచి దించాలి. ఈ ఆఖరి పని మానేస్తే అడుగున గంజి నిలిచి అన్నం జిగటగా, కాస్త పుల్లటి వాసనతో మారుతుంది. అత్తెసరు పెట్టినా, కుక్కర్లో పెట్టినా అన్నం తప్పుగా ఉండదు గానీ గంజి అందులోనే ఇంకిపోయి తీపి ఎక్కువ తెలుస్తుంది. వార్పులో గంజితో పాటు కొన్ని బి విటమిన్లు కూడా పోతాయి. ఉప్పు మాత్రమే మానాల్సిన రోగి ఆ గంజి తాగొచ్చు, పోగొట్టుకోనక్కర్లేదు.

అదే అన్నం నీళ్లలో ఎంతసేపు ఉందన్నదాన్ని బట్టి దర్శనంలో దాని స్థానం మారిపోతుంది. వండిన వెంటనే నీళ్లు పోసిన సజ పఖాళ ఉన్నవాటిలో చప్పన. రాత్రంతా ఉంచిన బాసి పఖాళలో, మన చద్దన్నంలో, లాక్టిక్ ఆమ్లం చేసే బాక్టీరియా పని మొదలెట్టి పులుపు తెస్తాయి. తరవాణి కుండకు వచ్చేసరికి చప్పదనం మాటే లేదు. ఎండాకాలంలో ఈ మార్పు గంటల్లోనే జరిగిపోతుంది. ఇక్కడ జాగ్రత్త కావాలి: ఉప్పు, పులుపు, పసుపు ఏవీ లేని వంట త్వరగా పాడవుతుంది. అన్నం గోరువెచ్చగా గంటల తరబడి ఉంటే బాసిల్లస్ సీరియస్ అనే బాక్టీరియా పెరుగుతుంది, అది వదిలే ఒక విషం మళ్లీ వేడి చేసినా పోదు. రోగికి పెట్టే చప్పిడి ఏ పూటకాపూట వండాల్సిందే.

చోడి (రాగి) అంబలి కూడా ఇలాగే రెండు దారుల్లో నడుస్తుంది. కొరాపుట్ వైపు మాండియా పేజ్ అనే ఇదే అంబలిలో నూక కూడా వేస్తారు, పులియబెట్టి తాగేవాళ్లే ఎక్కువ. చప్పగా కావాలంటే పులియనివ్వకూడదు. రెండు పెద్ద చెంచాల చోడిపిండి, పాతిక ముప్పై గ్రాములు, అర గ్లాసు చల్లటి నీళ్లలో ఉండలు లేకుండా కలిపి, మూడు గ్లాసుల మరిగే నీళ్లలో సన్నగా పోస్తూ తిప్పాలి. ఎనిమిది నుంచి పది నిమిషాలు సన్నసెగ. పొడిపిండిని నేరుగా వేడినీళ్లలో వేస్తే పైపొర ఉడికి గట్టిపడి, లోపల పచ్చిపిండి ఉండిపోతుంది. ఉండ చిదిపి చూస్తే పొడిపిండి కనిపిస్తుంది. తొందరపడి దించితే పచ్చివాసన, ఎంత ఉడికినా చోడి పొట్టు వగరు కాస్త మిగులుతుంది. ఇంకో మాట: చోడిలో బియ్యంకన్నా పొటాషియం, ఫాస్ఫరస్ చాలా ఎక్కువ. మూత్రపిండాల జబ్బు ఉన్నవాళ్లకు డాక్టర్ని అడక్కుండా పథ్యమని ఇవ్వకూడదు.

ఇక మూడో శాఖ అసలు వంట సంతుళా. బరంపురం ఇళ్లలో ఒంట్లో బాగోలేదంటే మొదట గుర్తొచ్చేది ఇదే. ఉప్పు లేకుండా ఇలా చేయాలి. పావుకిలో పచ్చి బొప్పాయి, నూటేసి గ్రాముల గుమ్మడి, బీర, ఒక లేత వంకాయ. కాకర, మెంతికూర వద్దు: సోడియం చేదును అణచిపెడుతుంది, అది లేనప్పుడు చేదు పూర్తిగా బయటపడుతుంది. ముందు బొప్పాయి, ఐదు నిమిషాలకి గుమ్మడి, వంకాయ, ఆఖర్న బీర. ఒక గ్లాసు నీళ్లు, చిటికెడు పసుపు. ఉప్పు లేని నీళ్లలో కూర మెత్తబడటం కాస్త ఆలస్యం, ఎందుకంటే ముక్కల్ని పట్టి ఉంచే పెక్టిన్‌లోని కాల్షియాన్ని తప్పించడంలో ఉప్పుకు పాత్ర ఉంది. మూడు నాలుగు నిమిషాలు అదనంగా పెట్టుకోండి. పులుపు ముందే పడితే పెక్టిన్ ఇంకా బిగుసుకుంటుంది, కాబట్టి నిమ్మరసం దించాకే. అప్పుడు అసలు పని: చెంచా నూనెలో అర చెంచా పంచ ఫుటణ, అంటే ఆవాలు, జీలకర్ర, మెంతులు, సోంపు, నల్లజీలకర్ర. ఆవాలు చిటపటలాడటం తగ్గి సోంపు వాసన లేచిన క్షణంలో కూరలో పోయాలి. మెంతులు ఎర్రబడి నల్లబడేదాకా ఉంచితే గిన్నెడు కూరా చేదెక్కుతుంది, ఉప్పు లేనందువల్ల దాన్ని కప్పేది కూడా ఏదీ ఉండదు. చివర అర చెక్క నిమ్మ, కొత్తిమీర. ఉప్పు సున్నా, కానీ పులుపూ వాసనా నిండుగా ఉంటాయి.

ఉప్పు లెక్క దగ్గర తేలిగ్గా మోసపోతాం. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దవాళ్లకు చెప్పే హద్దు రోజుకి 5 గ్రాముల లోపు, సుమారు ఒక టీచెంచా. కూరలో వేసింది మానేసి రెండు అప్పడాలు, ఒక ముక్క ఉప్పుచేప, గుప్పెడు మిక్చర్ తింటే పథ్యం అక్కడే పోయింది. అప్పడాల్లో ఉప్పుతో పాటు సోడా ఖారం కూడా ఉంటుంది, అదీ సోడియమే. సైంధవ లవణం మంచిదని దానికి మారేవాళ్లున్నారు. రంగు మారింది గానీ అది కూడా సోడియం క్లోరైడే, పైగా అయోడిన్ కలపనిదైతే అదొక లోటు.

అన్నిటికన్నా ప్రమాదం ‘తక్కువ సోడియం ఉప్పు’ దగ్గర. అందులో సోడియానికి బదులు కొంత పొటాషియం క్లోరైడ్ కలుపుతారు. మూత్రపిండాలు బాగున్న బీపీ రోగికి మేలే చేయొచ్చు. కానీ సరిహద్దుకు ఆంధ్రవైపు కవిటి, సోంపేట, పలాస, ఇచ్ఛాపురం ఉన్న ఉద్దానం ప్రాంతంలో మూత్రపిండాల జబ్బు ఎంతగా ఉందో అందరికీ తెలిసిందే, బరంపురం, పర్లాకిమిడి చుట్టరికాలు అక్కడివే. ఆ జబ్బు ఉన్న ఒంట్లో పొటాషియం పేరుకుంటే గుండె లయ తప్పుతుంది. పొటాషియం తగ్గించమన్నవాళ్లకు కూరల్ని చెక్కు తీసి, పల్చగా తరిగి, ఎక్కువ నీళ్లలో ఉడికించి ఆ నీళ్లు పారబోయాలి. నానబెట్టడం ఒక్కటే సరిపోదు, ఉడికించి వంపడమే అసలు పని. వీళ్లకు సంతుళా నీటితో సహా పెట్టకూడదు. వంపిన ముక్కలకు విడిగా పోపు పెట్టాలి.

అలాగని ఒంట్లో ఏమీ లేనివాళ్లు, ఎండలో చెమటోడ్చి పనిచేసేవాళ్లు ఎవరో చెప్పారని ఉప్పు పూర్తిగా మానేయడం మంచిది కాదు. సోడియం మరీ పడిపోతే తలతిప్పు, అయోమయం, ఇంకా ముదిరితే ఫిట్స్ వస్తాయి. ముసలివాళ్లలో, నీరు పోయే మాత్రలు వాడేవాళ్లలో ఇది ఇంకా త్వరగా జరగొచ్చు.

నాలుక మారడానికి టైం పడుతుంది. ఉప్పు తగ్గించిన మొదటి రెండు వారాలూ అన్నీ గడ్డిలా ఉంటాయి. రెండు మూడు నెలలకు పాత మోతాదే ఎక్కువనిపిస్తుంది. ఈలోపు ఒక్కసారిగా సున్నా చేసేకన్నా వారానికి కొంత చొప్పున దించడం నయం, డాక్టరు వెంటనే ఆపమంటే తప్ప.

ఇంట్లో అందరికీ ఒకే గిన్నె వండడానికి ఒక పద్ధతుంది. కూర, పప్పు మొత్తం ఉప్పు లేకుండా ఉడికించి, రోగి వాటా ముందు తీసి, మిగతాదానికి ఉప్పు కలపాలి. డాక్టరు రోజుకి ఎంత అన్నారో అంత ఉప్పు పొద్దున్నే కొలిచి ఒక చిన్న డబ్బాలో వేసి రోగి చేతికే ఇవ్వాలి. తినేముందు పైన చల్లుకున్న ఉప్పు నేరుగా నాలుకకు తగులుతుంది కాబట్టి, ఉడికేటప్పుడు కలిపినదానికన్నా తక్కువకే అదే ఉప్పదనం వస్తుంది. రాళ్ల ఉప్పయితే మెత్తగా దంచి వేయాలి. గడ్డగా ఉంటే కరిగేలోపే ముద్ద గొంతు దిగిపోతుంది, ఉప్పు చాల్లేదని ఇంకాస్త చల్లుకుంటారు.